వరమే భయమైన కథ: ‘అనుగ్రహం’ చిత్రమును గురించి

ఉగాది సంచికలో పంచాంగము, పద్యములు, పిండివంటలు, మహనీయుల జీవితములు ఉండుట మన ఆచారము. వాటి నడుమ భయమును గురించి ఒక వ్యాసమేమిటని చదువరులు అడుగవచ్చును. పచ్చడిలో వేపపువ్వు లేనిదే ఉగాది కాదు గదా! అందుచేత ఈ సంవత్సరము మేము ఒక చేదు చిత్రమును గురించి వ్రాయదలచినాము. దాని పేరు ‘అనుగ్రహం’. 1978లో వచ్చినది. మన తెలుగు చిత్రముల చరిత్ర చెప్పుకొనేటప్పుడు ఈ పేరు తరచుగా జారిపోతూ ఉంటుంది. అట్లు జారిపోరాదని మా అభిప్రాయము. ఎందుకో ముందుకు పోయినకొద్దీ మనవి చేస్తాము.

మేము పండితులము కాము. మెట్రిక్యులేషనుతో చదువు ముగించి రైల్వేలో గుమాస్తాగిరి చేసుకొంటున్నవారము. ఈ చిత్రము మేము పుట్టకమునుపటిది. కనుక ఇది సినిమా విమర్శకుల వ్రాత కాదు. బ్రూక్‌ఫీల్డులో సాటి తెలుగు కుటుంబముల వారితో ఒక సాయంకాలము కూర్చుండి మాట్లాడుకొన్నట్లుగా చదువుకొనవలెనని ప్రార్థన.

ముందుగా భయము సంగతి. భయము రెండు విధములు. ఒకటి బయట నుండి వచ్చేది. చింతచెట్టు మీది దెయ్యము, శ్మశానములోని భేతాళుడు ఈ జాతివారు. 1951లో వచ్చిన ‘పాతాళ భైరవి’లో ఎస్.వి. రంగారావుగారి నేపాళ మాంత్రికుడిని చూచి భయపడని పిల్లలు లేరు. కాని ఆ భయమునకు ఒక సుగుణమున్నది. మాంత్రికుడు చచ్చిపోగానే భయము కూడ చచ్చిపోతుంది. పిల్లలు చప్పట్లు కొట్టి ఇంటికి వచ్చి హాయిగా నిద్రపోతారు.

రెండవది లోపల నుండి పుట్టేది. ఇందులో గజ్జెల చప్పుడు ఉండదు. తెల్లచీర ఉండదు. మనిషి మనస్సే ఒక మాట చెబుతుంది. ఆ మాట నిజమో భ్రమో వాడికే తెలియదు, చూచే మనకూ తెలియదు. ఆ మాటను నమ్మి వాడు చేసే పనులు మాత్రము నిజమైనవి. వాటివలన చెడిపోయే బ్రతుకులు నిజమైనవి. ఈ భయము ఆట ముగిసినా మనతో ఇంటికి వస్తుంది.

ఈ రెండవ జాతి భయమును తెరమీద చూపుట మిక్కిలి కష్టము. కెమెరా ముఖమును చూపగలదు గాని మనస్సును చూపలేదు. అందుచేతనే ఈ పనికి పూనుకొన్న దర్శకులు చాలమంది ఉత్తమ సాహిత్యము దగ్గరకు పోయినారు. మనస్సు లోపలి దారులు అంతకుముందే నడచి చూచినవారు రచయితలు గదా!

ఇంగ్లీషులో హెన్రీ జేమ్స్ అనే రచయిత 1898లో ‘ది టర్న్ ఆఫ్ ది స్క్రూ’ అనే చిన్న నవల ప్రకటించినాడు. పల్లెటూరి పెద్ద భవనములో ఇద్దరు పిల్లలకు చదువు చెప్పుటకు వచ్చిన ఒక యువతికి చనిపోయినవారు కనిపిస్తారు. వారు నిజముగా వచ్చినారా, లేక ఆమె మనస్సు కల్పించుకొన్నదా? రచయిత తేల్చి చెప్పలేదు. 1961లో జాక్ క్లేటన్ అనే దర్శకుడు దానిని ‘ది ఇన్నొసెంట్స్’ అనే పేరుతో తీసినాడు. ఆ యువతి పాత్రను డెబొరా కెర్ ధరించినది. పిల్లలను రక్షించవలెనన్న ఆమె పట్టుదల చివరకు పిల్లవాని ప్రాణమునకే ముప్పు తెచ్చినది.

మన దేశములో ఈ దారి తొక్కినవారిలో సత్యజిత్ రాయ్ గారు ముఖ్యులు. రవీంద్రుని ‘మణిహార’ కథను 1961లో ‘తీన్ కన్యా’ చిత్రములో ఒక భాగముగా తీశారు. నగల మీది మోహము చావును కూడ దాటి వచ్చే కథ అది. అంతకు ముందు సంవత్సరము, 1960లో, ప్రభాత్ కుమార్ ముఖోపాధ్యాయగారి కథను ‘దేవి’ అనే చిత్రముగా తీశారు. ఒక జమీందారుకు తన చిన్నకోడలు సాక్షాత్తు కాళికాదేవి అని కల వస్తుంది. తెల్లవారగానే ఆ పదిహేడేండ్ల పిల్లను పీఠముపై కూర్చుండబెట్టి హారతి పడతాడు. ఆమె కాదనలేదు, ఔననలేదు. చివరకు తాను మనిషినో దేవతనో తెలియక ఆ పిల్ల మతి చలించిపోతుంది. ఇందులో దెయ్యము లేదు. ఉన్నది భక్తుడైన ఒక మామగారు మాత్రమే. అయినను ఇంతకంటె భయంకరమైన చిత్రము ఇంకొకటి ఉన్నదా అనిపిస్తుంది.

ఇక మన కథకు వస్తాము.

మహారాష్ట్రమునకు దక్షిణపు కొసన కొంకణ తీరమున వెంగుర్లా ప్రాంతములో 1930లో చింతామణి త్ర్యంబక్ ఖానోల్కర్ అనే కవి పుట్టినాడు. ‘ఆరతీ ప్రభు’ అనే పేరుతో కవిత్వము వ్రాసినాడు. నవలలు, నాటకములు కూడ వ్రాసినాడు. సముద్రము, గాలి, పాడుబడిన గుళ్ళు, చెప్పుకొనలేని కోరికలు, వెంటాడే పాపభీతి ఆయన రచనల సామగ్రి. 1976లో, ఏబది ఏండ్లు నిండకమునుపే, కన్నుమూసినాడు. ఆయన కవితా సంపుటికి సాహిత్య అకాడమీ పురస్కారము చనిపోయిన తరువాతనే, 1978లో వచ్చినది. ఆయన నవలలలో ‘కొండురా’ ఒకటి.

ఆ నవలను తెలుగు తెరకు తెచ్చినవారు శ్యామ్ బెనెగల్ గారు. ఆయన 1934 డిసెంబరు 14న హైదరాబాదు దగ్గర తిరుమలగిరిలో జన్మించినారు. ఇంటి భాష కొంకణి. పూర్వులు కన్నడ దేశము వారు. తండ్రిగారు ఫోటోగ్రాఫరు, తండ్రి కెమెరాతో పన్నెండవ ఏటనే ఒక బొమ్మ తీసినారు. ఉస్మానియాలో అర్థశాస్త్రము చదివినారు. హైదరాబాదు ఫిల్మ్ సొసైటీని నెలకొల్పినవారిలో ఆయన ఉన్నారు. బొంబాయి చేరి వ్యాపార ప్రకటనల చిత్రములు ఎన్నో తీసిన పిమ్మట 1974లో ‘అంకుర్’ అనే మొదటి పెద్ద చిత్రము తీశారు. అందులోని ఊరు తెలంగాణము. మరుసటి ఏట వచ్చిన ‘నిశాంత్’ కూడ తెలంగాణపు దొరల కథయే. హిందీ చిత్రములైనా వాటిలోని మట్టి మనది.

ఈ వివరము మన ప్రవాసులకు ముఖ్యమని మేము తలుస్తాము. ఇంట ఒక భాష, వీధిలో ఒక భాష, బడిలో వేరొక భాష — బ్రూక్‌ఫీల్డులో పెరిగే మన పిల్లల స్థితి ఇదే గదా! అపార్టుమెంటు లిఫ్టులో హిందీ, కూరల బండి దగ్గర కన్నడము, అమ్మమ్మతో ఫోనులో తెలుగు. బెనెగల్ గారి బాల్యము అట్టిదే. అట్టివాడు ఏ భాషకూ చెందకుండా పోలేదు. నాలుగు భాషల మధ్య తలుపులు తెరిచినాడు.

‘కొండురా’ నవలను ఆయన ఏకకాలమున రెండు భాషలలో తీశారు. హిందీలో ‘కొండురా’, తెలుగులో ‘అనుగ్రహం’. చిత్రానువాదములో గిరీష్ కర్నాడ్ గారు, ఆరుద్ర గారు పాలు పంచుకొన్నారు. తెలుగు మాటలు ఆరుద్ర గారివి. ‘సమగ్ర ఆంధ్ర సాహిత్యం’ వ్రాసిన చేయి ఒక మరాఠీ కొంకణ కథకు తెలుగు నుడికారము కూర్చినదన్నమాట. ఛాయాగ్రహణము గోవింద్ నిహలానీ. సంగీతము వనరాజ్ భాటియా. కథానాయకుడు మన బెంగుళూరు వారికి చిరపరిచితులైన అనంతనాగ్ గారు. ఆయన ఇంటి భాష కూడ కొంకణియే. నాయిక నెల్లూరు ఆడపడుచు వాణిశ్రీ గారు. ఇంకొక ముఖ్య పాత్రలో స్మితా పాటిల్. స్వామి పాత్రలో అమ్రిష్ పురి. భూస్వామి పాత్రను మాత్రము హిందీలో శేఖర్ చటర్జీ, తెలుగులో రావు గోపాలరావు గారు ధరించినారు.

కథ క్లుప్తముగా ఇది. పరశురాముడు ఒక బ్రాహ్మణ యువకుడు. పని లేదు, సంపాదన లేదు. అన్నగారి నీడన బ్రతుకు. ఒకనాడు ఆ ఇంటిలో మాటా మాటా పెరిగి రోషముతో బయటకు పోతాడు. సముద్రపు ఒడ్డున అతనికి కొండురా స్వామి అనే మహాపురుషుడు కనిపిస్తాడు. ఒక వరమిస్తాడు. అదొక వేరు. దానికి గర్భమును పోగొట్టే శక్తి ఉన్నది. కాని ఒక నియమము: వరము నిలువవలెనంటే బ్రహ్మచర్యము పాటించవలెను. ఇంటివద్ద చూడబోతే భార్య అనసూయ ఉన్నది.

నిన్నటివరకు ఎవరికీ పనికిరానివాడు నేడు వరము పొందినవాడైనాడు. తరువాత అమ్మవారు కూడ అతనికి కనిపించి గుడి బాగుచేయించమంటుంది. ఊరివారు చేతులు జోడిస్తారు. భూస్వామి భైరవమూర్తి ఈ గుడి వ్యవహారములో ప్రవేశిస్తాడు. ఆ ఇంటి కోడలు పార్వతి. ఆమె అందము, అమ్మవారి రూపము పరశురాముని మనస్సులో కలిసిపోతూ ఉంటాయి. పార్వతి గర్భవతి అని తెలిసినప్పుడు, అందుకు కారణము ఆ భైరవమూర్తియే అని పరశురాముడు నిశ్చయించుకొంటాడు. వరము తనకు వచ్చినది ఈ పాపమును కడుగుటకే అనుకొంటాడు. వేరు ప్రయోగింపబడుతుంది. గర్భము పోతుంది. ఆ తరువాత తెలుస్తుంది, అది పాపపు గర్భము కాదని. అంతటితో లోపలి కట్టలు తెగిపోతాయి. ఇన్నాళ్ళూ దూరముంచిన భార్యపైననే బలాత్కారము చేస్తాడు. ఆ ఇల్లాలు ప్రాణము తీసుకొంటుంది.

దీనిలో భయమెక్కడ ఉన్నది? మేము ఆలోచించినకొద్దీ మూడు చోట్ల కనిపించినది.

మొదటిది వరములోనే ఉన్నది. మన పురాణములలో వరములు కోరి తమ నెత్తిమీదనే చేయి పెట్టుకొన్న భస్మాసురుని కథ అందరూ ఎరిగినదే. కాని భస్మాసురుడు చెడ్డవాడని మనకు మొదటనే తెలుసు. పరశురాముడు చెడ్డవాడు కాడు. అవమానము తిన్నవాడు. పదిమందిలో తలెత్తుకొనవలెనని కోరుకొన్నవాడు. అట్టివానికి హఠాత్తుగా ‘నీవు ఎన్నుకోబడినవాడవు’ అన్న మాట వినబడితే ఏమగును? ఆ మాట సముద్రము చెప్పినదో, అతని అవమానమే చెప్పినదో ఎవరు చెప్పగలరు? రెండు విధములుగాను చూచుకొనుటకు చిత్రములో చోటున్నది.

రెండవది నిశ్చయములో ఉన్నది. పరశురాముడు పార్వతిని అడిగి తెలుసుకొని ఉంటే కథ వేరుగా ఉండేది. అతడు దేవిని అడిగినాడు, తన మనస్సును అడిగినాడు, ఆమెను అడగలేదు. ఇక్కడ రావు గోపాలరావు గారి పాత్ర విషయము ఒకటి చెప్పవలెను. 1975లో ‘ముత్యాల ముగ్గు’ వచ్చిన తరువాత ఆయన తెరమీద నిలుచుంటే చాలు, ఏదో కుట్ర జరుగుతున్నదని తెలుగు ప్రేక్షకుడు అనుకొనే రోజులు. భైరవమూర్తి మంచివాడు కాడు. అయినా ఈ ఒక్క పాపము అతనిది కాదు. పరశురాముడు అతనిని అనుమానించినప్పుడు హాలులోని మనము కూడ ‘అవును, వీడే’ అనుకొంటాము. చివరకు నిజము తెలిసినప్పుడు పరశురాముని పొరపాటులో మనకూ భాగమున్నదని గ్రహిస్తాము. తెలుగు చిత్రము చూచినవారికి మాత్రమే ఈ దెబ్బ ఇంత గట్టిగా తగులుతుందని మా నమ్మకము.

మూడవది ఆడవారి మౌనములో ఉన్నది. వరము పొందినది మగవాడు. నియమము పెట్టినది స్వామి. గుడి వ్యవహారము నడిపినది భూస్వామి. వీరందరి పుణ్యకార్యమునకు మూల్యము చెల్లించినవారు ఇద్దరు స్త్రీలు. ఒకరికి బిడ్డ పోయినది, ఒకరికి ప్రాణము పోయినది. ‘దేవి’లోని చిన్నకోడలు, ‘అనుగ్రహం’లోని పార్వతి ఒక తల్లి బిడ్డల వంటివారు. ఒకరిని పూజించి నాశనము చేశారు. ఇంకొకరిని ఉద్ధరించి నాశనము చేశారు.

చిత్రము వచ్చిన కాలమును కూడ మనస్సున ఉంచుకొనవలెను. మన దేశములో గర్భస్రావమును కొన్ని పరిస్థితులలో చట్టబద్ధము చేసిన శాసనము 1971లో వచ్చినది. 1975 జూను నుండి 1977 మార్చి వరకు అత్యవసర పరిస్థితి నడిచినది. ఆ రోజులలో కుటుంబ నియంత్రణ పేరిట బలవంతపు శస్త్రచికిత్సలు జరిగినవి. దేశోద్ధరణ చేస్తున్నామన్న గట్టి నమ్మకముతో ఒకరి శరీరమును గురించి ఇంకొకరు నిర్ణయించినారు. దర్శకుడు ఈ సంగతిని ఉద్దేశించెనని మేము అనము. కాని ఆనాడు హాలులో కూర్చున్నవారికి అది జ్ఞాపకము రాక మానునా?

వాణిశ్రీ గారి సంగతి ఒక మాట. 1971లో ‘ప్రేమనగర్’ వచ్చిన తరువాత ఆమె చీరలను, కేశాలంకరణను ఆంధ్రదేశమంతా అనుకరించినది. 1974లో ‘కృష్ణవేణి’లో ఆమె మతి చలించిన ఇల్లాలుగా నటించినారు. ఆ కథ కన్నడ రచయిత్రి త్రివేణి గారి ‘శరపంజర’ నవల. దానిని 1971లో పుట్టణ్ణ కణగాల్ గారు కన్నడములో తీయగా, తరువాత తెలుగులోకి వచ్చినది. అట్టి తారామణి ‘అనుగ్రహం’లో ఏ అట్టహాసము లేకుండ పల్లెటూరి ఇల్లాలుగా కనిపిస్తారు. మనస్సు చెదిరిన కథలను తెలుగు తెరమీదకు తెచ్చిన దారిలో కన్నడ దేశము ఒక మజిలీ అని మనము గుర్తుంచుకొనవలెను.

కొందరు ఒక ఆక్షేపణ చేయవచ్చును: కథ మరాఠీ, దర్శకుని ఇంటి భాష కొంకణి, కథానాయకుడు కన్నడ నటుడు, ఇది తెలుగు చిత్రమెట్లగును? దీనికి మా ఉద్యోగములోని ఒక సామ్యము చెబుతాము. రైలు మార్గములన్నీ ఒకే వెడల్పు కాని రోజులలో గుంతకల్లు వంటి కూడళ్ళ వద్ద మీటరు గేజి పెట్టెలలోని సరకును బ్రాడ్ గేజి పెట్టెలలోకి మార్చేవారు. ఆ మార్పిడిలో కొంత ఒలికిపోయేది, కొంత పగిలిపోయేది. కాని మార్పిడి లేనిదే ఆ సరకు ఆ ఊరు చేరేది కాదు. ఊరు చేరిన బియ్యమును వండుకొని తిన్నవారు అది ఏ గేజి మీద వచ్చినదని అడుగలేదు.

ఇదే రోజులలో ఇంకొక నిదర్శనము ఉన్నది. 1977లో బెంగాలీ దర్శకుడు మృణాల్ సేన్ గారు ప్రేమ్‌చంద్ వ్రాసిన ‘కఫన్’ కథను ‘ఒక ఊరి కథ’ అనే పేరుతో తెలుగులో తీశారు. ప్రసవ వేదనతో ఇంటి కోడలు చచ్చిపోతుండగా కదలని తండ్రీ కొడుకుల కథ అది. అందులోను దెయ్యము లేదు. ఒళ్ళు మాత్రము జలదరిస్తుంది. రెండేండ్లలో ఇద్దరు పొరుగు భాషల దర్శకులు ఉత్తమ సాహిత్యమును చేతపట్టుకొని మన భాష దగ్గరకు వచ్చినారు. ఇది మనకు గౌరవము కాదా?

ఎదురు రవాణా కూడ లేకపోలేదు. యండమూరి వీరేంద్రనాథ్ గారి ‘తులసిదళం’ నవలను 1985లో వేమగల్ జగన్నాథరావు గారు ‘తులసీదళ’ అనే కన్నడ చిత్రముగా తీశారు. అది చేతబడి కథ గనుక మేము పైన చెప్పిన మొదటి జాతి భయమునకు దగ్గర. అయినా తెలుగు అక్షరము కన్నడ హాలులో జనమును వణికించినదన్నది మనము ఇరుగుపొరుగు కన్నడిగులతో నవ్వుతూ చెప్పుకొనదగిన మాట.

బెనెగల్ గారు తరువాత కూడ సాహిత్యమును విడిచిపెట్టలేదు. 1988లో నెహ్రూగారి గ్రంథము ఆధారముగా దూరదర్శనులో 53 భాగముల ‘భారత్ ఏక్ ఖోజ్’ నడిపినారు. 1992లో ధర్మవీర్ భారతి నవలను ‘సూరజ్ కా సాత్వాఁ ఘోడా’గా తీశారు. దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారము పొందినారు. స్మితా పాటిల్ 1986లో, ఆరుద్ర గారు 1998లో, గిరీష్ కర్నాడ్ గారు 2019లో ఈ బెంగుళూరులోనే గతించినారు. బెనెగల్ గారు 2024 డిసెంబరు 23న, తొంబదవ జన్మదినము జరిగిన తొమ్మిది రోజులకు, కన్నుమూసినారు. అనంతనాగ్ గారికి 2025లో పద్మభూషణ్ ప్రకటించినారు. చిత్రమును చేసినవారు ఒక్కొక్కరుగా వెళ్ళిపోతున్నప్పుడు, దానిని జ్ఞాపకము ఉంచుకొనే భారము చూచేవారి మీద పడుతుంది.

చదువరులకు మా మనవి ఒక్కటి. ఈ చిత్రము చిన్నపిల్లలకు తగినది కాదు. కాని కాలేజీ చదువులకు వచ్చిన కొడుకులు, కూతుళ్ళు ఉన్న ఇళ్ళలో పెద్దలు వారితో కూర్చుండి చూడదగినది. చూచిన తరువాత ‘స్వామి నిజముగా కనిపించినాడా?’ అన్న ప్రశ్నతో ఆగవద్దు. ‘పార్వతిని ఎవరైనా అడిగినారా? అనసూయను ఎవరైనా అడిగినారా?’ అని కూడ వేసుకొనవలెను. సంబంధములు కుదుర్చునప్పుడు, చదువులు నిర్ణయించునప్పుడు, కోడలి ఉద్యోగము మాన్పించునప్పుడు, అంతా వారి మేలుకే అని మనకు గట్టి నమ్మకము కలిగినప్పుడు, ఆ ప్రశ్న మన ఇళ్ళలో కూడ అవసరమే.

క్రొత్త సంవత్సరమున అందరము వరములు కోరుకొంటాము. కోరుకొనుటలో తప్పు లేదు. ఆ వరముతోబాటు ఎదుటివారిని ఒక మాట అడిగి తెలుసుకొనే బుద్ధిని కూడ భగవంతుడు మనకు అనుగ్రహించుగాక! సంఘ సభ్యులందరికీ, వారి బిడ్డలకూ మా ఉగాది శుభాకాంక్షలు.